డీఎల్ఎల్ ఫైలు పాడైందా? నెట్‌లో వెతక్కండి, ఇలా బాగుచేసుకోండి

పర్లాకిమిడి, గుణుపురం, రాయగడ వైపు వానాకాలం వచ్చిందంటే రిపేరుకి వచ్చే కంప్యూటర్లలో సగానికి ఒకటే కథ. విండోస్ అప్‌డేట్ నడుస్తుండగా కరెంటు పోతుంది, యూపీఎస్ ఉండదు. మళ్లీ ఆన్ చేస్తే ఫలానా డీఎల్ఎల్ కనిపించడం లేదని మెసేజ్ వస్తుంది. అక్కడితో ఆగితే అరపూట పని. కానీ ఆగరు. ఆ పేరు గూగుల్‌లో కొట్టి, మొదట కనబడిన సైటు నుంచి ఫైలు దింపి, విండోస్ సొంత ఫైళ్లుండే సిస్టమ్32 ఫోల్డర్లో పడేసి, అప్పుడు తెస్తారు. "అన్నా, ఫైలు వేశాను, అయినా రావట్లేదు" అంటారు. అలా వేసిన ఫైలు ఏ వెర్షన్‌దో, అందులో వైరస్ ఉందో లేదో వేసినవాళ్లకే తెలియదు.

డీఎల్ఎల్ అంటే చాలా ప్రోగ్రాములు కలిసి వాడుకునే ఉమ్మడి కోడ్. ఉదాహరణకి కెర్నల్32, ఎన్‌టీడీఎల్ఎల్. ప్రాసెసర్‌లో ఎన్ని కోర్లున్నాయో తెలుసుకోవాలన్నా, కొత్త పని మొదలుపెట్టాలన్నా ప్రతి ప్రోగ్రామూ వీటినే అడుగుతుంది. పవర్‌ప్రొఫ్ అనే ఇంకో ఫైలు ద్వారా పవర్ ప్లాన్‌లు, అంటే ప్రాసెసర్ ఎంతవరకు పరిగెత్తాలి, ఎంతకి తగ్గాలి అన్న సెట్టింగులు నడుస్తాయి. ప్రాసెసర్ సమయాన్ని నిజంగా పంచేది విండోస్‌కి గుండెకాయ లాంటి లోపలి కెర్నల్. ఈ ఫైళ్లు దాని గుమ్మాలు. గుమ్మం విరిగితే ఇంట్లో అందరికీ ఇబ్బందే, అందుకే ఒక్క ఫైలు పాడైతే నాలుగైదు సాఫ్ట్‌వేర్లు ఒకేసారి మొరాయిస్తాయి.

ముందు మెసేజ్‌లో ఉన్న పేరు పూర్తిగా చదవండి. వీసీరన్‌టైమ్140, ఎంఎస్‌వీసీపీ140 లాంటి పేరైతే అది విండోస్ జబ్బు కాదు. మైక్రోసాఫ్ట్ సైటు నుంచి విజువల్ సీ ప్లస్ ప్లస్ రీడిస్ట్రిబ్యూటబుల్ వేస్తే సరిపోతుంది. 64 బిట్ విండోస్ ఉన్నా 32 బిట్‌ది, 64 బిట్‌ది రెండూ వేయండి. పాత అకౌంట్స్ సాఫ్ట్‌వేర్లు ఇప్పటికీ 32 బిట్‌వే ఎక్కువ. పేరు పవర్‌ప్రొఫ్ లాంటి విండోస్ సొంత ఫైలుదైతే కింది పద్ధతి.

కావలసినవి: ఛార్జింగ్ నిండుగా ఉన్న లాప్‌టాప్, డెస్క్‌టాప్ అయితే యూపీఎస్, నెట్, 8 జీబీ పెన్‌డ్రైవ్. యూపీఎస్ లేకుండా డెస్క్‌టాప్ మీద ఈ పని మొదలుపెట్టకండి. జిరాక్స్ షాపువాళ్లకి ప్రత్యేకంగా చెబుతున్నాను, ఫారం ఫిలప్ రద్దీలో అసలే వద్దు. డేటా ఇంకో చోటికి కాపీ చేసి పెట్టుకోండి.

స్టార్ట్‌లో సీఎండీ అని కొట్టి, కమాండ్ ప్రాంప్ట్ మీద రైట్ క్లిక్ చేసి, రన్ యాజ్ అడ్మినిస్ట్రేటర్ నొక్కండి. చెక్‌డిస్క్ కమాండ్‌ని (సీహెచ్‌కేడీఎస్‌కే అని రాయాలి) సీ డ్రైవ్‌కి, స్లాష్ ఎఫ్‌తో ఇవ్వండి. తర్వాతి రీస్టార్ట్‌లో నడపనా అని అడుగుతుంది, వై కొట్టి రీస్టార్ట్ చేయండి. కరెంటు పోయి పాడైన సిస్టమ్‌కి ముందు డిస్క్ లెక్క సరిచేయాలి. దీన్ని చాలామంది వదిలేస్తారు, నేను వదలను.

ఇక అసలు పని. చాలా వీడియోల్లో విండోస్ ఫైళ్లని పరీక్షించి సరిచేసే ఎస్ఎఫ్‌సీ స్కాన్‌నౌ కమాండ్‌ని నేరుగా నడపమంటారు. నా పద్ధతిలో డిస్మ్ ముందు, ఎస్ఎఫ్‌సీ తర్వాత. కారణం ఉంది. ఎస్ఎఫ్‌సీ మంచి ఫైలుని విన్‌ఎస్ఎక్స్ఎస్ అనే ఫోల్డర్లోంచి తెస్తుంది. ఆ నిల్వే పాడై ఉంటే అది ఏం తెస్తుంది? నిల్వని బాగుచేసేది డిస్మ్. ఇంగ్లీషు అక్షరాల్లో (డిస్మ్ అంటే డీఐఎస్ఎం) ఇలా కొట్టండి:

డిస్మ్ /ఆన్‌లైన్ /క్లీనప్-ఇమేజ్ /రిస్టోర్‌హెల్త్

ప్రతి స్లాష్‌కి ముందు ఒక ఖాళీ ఉండాలి, స్లాష్ తర్వాత ఉండకూడదు. క్లీనప్‌కి, ఇమేజ్‌కి మధ్య ఉన్నది చిన్న గీత, ఖాళీ కాదు. ఇక్కడ తప్పు కొట్టి కమాండే పనిచేయదు అనేవాళ్లు చాలామంది. ఎంటర్ కొట్టాక 20 శాతం దగ్గరో, 62.3 దగ్గరో అంకె కదలకుండా చాలాసేపు నిలబడుతుంది. అప్పుడు టెన్షన్ పడి విండో మూసేయకండి. పవర్ బటన్ అసలే నొక్కకండి. ఆగినట్టు కనిపించినా లోపల పని జరుగుతూనే ఉంటుంది.

ఈ కమాండ్ మంచి ఫైళ్లని విండోస్ అప్‌డేట్ నుంచి దింపుకుంటుంది. ఫోన్ హాట్‌స్పాట్‌తో, సిగ్నల్ ఒక గీత ఉండే ఊళ్లో, అది మధ్యలో తెగి 0ఎక్స్800ఎఫ్081ఎఫ్ అనే ఎర్రర్ రావచ్చు. సోర్స్ ఫైళ్లు దొరకలేదని దానర్థం. అప్పుడు నెట్ బాగా ఉన్నచోట మైక్రోసాఫ్ట్ మీడియా క్రియేషన్ టూల్‌తో పెన్‌డ్రైవ్ చేసుకుని దాన్నే సోర్స్‌గా ఇవ్వాలి. అందరూ బోర్లా పడేది ఇక్కడే, నెమ్మదిగా చదవండి.

విన్‌వర్ అని కొట్టి మీ వెర్షన్ చూడండి. మీది 24హెచ్2 అయితే పెన్‌డ్రైవ్‌లోనూ 24హెచ్2 ఉండాలి. పక్కింటివాళ్ల పాత పెన్‌డ్రైవ్ పనికిరాదు. తర్వాత ఎడిషన్. మన దగ్గర షాపుల్లో కొనే లాప్‌టాప్‌లలో ఎక్కువగా వచ్చేది హోమ్ సింగిల్ లాంగ్వేజ్. అది హోమ్ కాదు, పెన్‌డ్రైవ్‌లో రెండింటికీ వేర్వేరు నంబర్లుంటాయి. అందరూ కళ్లు మూసుకుని 1 అని కొడతారు, ఎర్రర్ వస్తే విండోస్‌ని తిడతారు. మీ నంబర్ ఏదో ఇలా చూడండి (ఇంగ్లీషు 'ఈ' అక్షరం బదులు మీ పెన్‌డ్రైవ్ అక్షరం):

డిస్మ్ /గెట్-విమ్‌ఇన్‌ఫో /విమ్‌ఫైల్:ఈ:\సోర్సెస్\ఇన్‌స్టాల్.ఈఎస్‌డీ

మీడియా క్రియేషన్ టూల్ పెన్‌డ్రైవ్‌లో ఫైలు చివర ఈఎస్‌డీ అని ఉంటుంది. ఐఎస్ఓ, అంటే విండోస్ డిస్క్ మొత్తం ఒకే ఫైలుగా ఉన్నది, నేరుగా దింపుకుంటే విమ్ (డబ్ల్యూఐఎం) అని ఉంటుంది. ఫోల్డర్ తెరిచి చూసుకుని అదే రాయండి. మీ నంబర్ 3 అనుకుంటే:

డిస్మ్ /ఆన్‌లైన్ /క్లీనప్-ఇమేజ్ /రిస్టోర్‌హెల్త్ /సోర్స్:ఈఎస్‌డీ:ఈ:\సోర్సెస్\ఇన్‌స్టాల్.ఈఎస్‌డీ:3

సోర్స్ పక్కన కూడా ఈఎస్‌డీ అనో, విమ్ అనో ఫైలుకి తగ్గట్టే రాయాలి. చివర స్లాష్ లిమిట్‌యాక్సెస్ అని కలపమని చాలాచోట్ల చెబుతారు. అది కలిపితే విండోస్ అప్‌డేట్ వైపు చూడదు. మీ సిస్టమ్‌లో ఈమధ్య పడిన అప్‌డేట్ల ఫైళ్లు పెన్‌డ్రైవ్‌లో ఉండకపోవచ్చు, వాటికోసం నెట్ వైపు వెళ్లనివ్వాలి. నెట్ బొత్తిగా లేనప్పుడే కలపండి.

డిస్మ్ పూర్తయ్యాక ఎస్ఎఫ్‌సీ, ఖాళీ, స్లాష్ స్కాన్‌నౌ. పాడైన ఫైళ్లు బాగుచేశాం అంటే రీస్టార్ట్ చేయండి. కొన్ని కుదరలేదంటే రీస్టార్ట్ చేసి మళ్లీ నడపండి.

ఇదంతా లేకుండా సిస్టమ్32 ఫైలుకి ఓనర్‌షిప్ తీసుకుని, ఫ్రెండు లాప్‌టాప్‌లోంచి తెచ్చినదాన్ని అతికించే పద్ధతి ఒకటి తిరుగుతోంది. వద్దు. 64 బిట్ విండోస్‌లో 64 బిట్ ఫైళ్లుండేది సిస్టమ్32లో, 32 బిట్‌వి ఉండేది సిస్‌వావ్64లో. పేరు చూసి తారుమారుగా వేస్తే 0ఎక్స్‌సీ000007బీ ఎర్రర్ మొదలవుతుంది. రెగ్‌ఎస్‌వీఆర్32తో రిజిస్టర్ చేయమనే సలహా కూడా అన్ని డీఎల్ఎల్‌లకీ వర్తించదు. అది కామ్ రకం, అంటే విండోస్ రిజిస్ట్రీలో నమోదు చేయాల్సిన ఫైళ్లకే.

చివరగా, ప్రాసెసర్ నెమ్మదించిందనిపిస్తే, పవర్ ఆప్షన్స్‌లో అడ్వాన్స్‌డ్ సెట్టింగులు తెరిచి, మాగ్జిమమ్ ప్రాసెసర్ స్టేట్ 100 శాతం ఉందో లేదో చూడండి. ప్లాన్‌లు గందరగోళంగా ఉంటే పవర్‌సీఎఫ్‌జీ, ఖాళీ, స్లాష్ రిస్టోర్‌డిఫాల్ట్‌స్కీమ్స్ కొట్టండి. మీరు సొంతంగా చేసుకున్న ప్లాన్‌లు పోతాయి, విండోస్ సొంతవి తిరిగొస్తాయి. ఆ తర్వాత ఛార్జర్ పెట్టి, ఏదైనా బరువైన పని నడుపుతూ టాస్క్ మేనేజర్‌లో స్పీడ్ చూడండి. అప్పుడూ అంకె అడుగునే ఉంటే తప్పు డీఎల్ఎల్‌ది కాదు. ఫ్యాన్ విప్పి దుమ్ము దులపండి, ఛార్జర్ సరైన వాట్లదేనా చూడండి.