స్క్రీన్‌ప్లే నేర్చుకుందాం – 7: ఇద్దరి నడక

గత వారం ఇద్దరు అన్నదమ్ముల మధ్య ఒక సీన్ రాయమన్నాను కదా, ఆ కాగితం ఒకసారి బయటికి తీయండి. అందులో ఎవరైనా ‘నువ్వు లేకపోతే నేను ఉండలేను రా’ లాంటి మాట అన్నారా? అని ఉంటే ఆ మాట కింద గీత గీయండి. నేను మొదట్లో రాసిన స్క్రిప్టుల నిండా అలాంటి మాటలే ఉండేవి. చదివినవాళ్ళు బాగుందని తలూపారు గానీ, ఎవరి కళ్ళూ చెమర్చలేదు.

ఆ మాట తీసేసి, అదే బంధాన్ని ఎలా చూపించాలో ఈ వారం చెక్ రచయిత జ్దెనెక్ స్వెరాక్ దగ్గర నేర్చుకుందాం. ఆయన 1936లో ప్రాగ్‌లో పుట్టారు. కొన్నాళ్ళు బడిలో చెక్ భాష చెప్పారు, తర్వాత రేడియోలో పనిచేశారు. 1967లో స్నేహితులతో కలిసి, అసలు పుట్టనే పుట్టని ఒక మేధావి పేరు మీద నాటకశాల మొదలుపెట్టారు. లాదిస్లావ్ స్మొల్యాక్‌తో కలిసి దానికి నాటకాలు, తర్వాత సినిమాలు రాశారు. ఆయన భాషా పంతులన్న విషయం మాత్రం గుర్తుంచుకోండి, కాసేపట్లో పనికొస్తుంది.

1985లో యిర్జీ మెంజెల్ తీసిన ఒక సినిమాకు కథ, స్క్రీన్‌ప్లే స్వెరాక్‌వే. ఇంగ్లీషులో ‘మై స్వీట్ లిటిల్ విలేజ్’ పేరుతో దొరుకుతుంది. పావెక్ అనే లావుపాటి లారీ డ్రైవరు, అతనికి సహాయకుడిగా ఓతిక్. ఓతిక్ బక్కపలచని పొడుగు మనిషి, బుద్ధి ఎదగలేదు, ముందూ వెనకా ఎవరూ లేరు. పొద్దున్నే ఇద్దరూ పనికి నడిచి వెళతారు. ఓతిక్ తన పొడుగు కాళ్ళను సర్దుకుంటూ పావెక్ అడుగులో అడుగు వేయడానికి తంటాలు పడతాడు. ఆ నడకలోనే ఎవరికి ఎవరు కావాలో మనకు తెలిసిపోతుంది, ఒక్క డైలాగు అవసరం లేకుండా.

ఇప్పుడు కథ ఎలా కదులుతుందో చూడండి. ఓతిక్ చేసే తప్పులకు విసిగిపోయి, కోతలు అవగానే నిన్ను వదిలించుకుంటానని పావెక్ తేల్చి చెప్పేస్తాడు. అటువైపు ఓతిక్ ఇంటి మీద కన్నేసినవాళ్ళు అతన్ని ప్రాగ్‌కు పంపే ఏర్పాటు చేస్తారు. చివరికి పావెక్కే నగరానికి వెళ్ళి అతన్ని వెనక్కి తెచ్చుకుంటాడు. మళ్ళీ ఇద్దరూ కలిసి నడుస్తారు. నడక పాతదే, కానీ మధ్యలో ఏం జరిగిందో మనకు తెలుసు కనుక ఈసారి గొంతు పట్టేస్తుంది. క్షమాపణ సీన్ ఒకటి విడిగా రాసుంటే ఇంత బలం వచ్చేది కాదని నా నమ్మకం.

ఇక ‘కోల్యా’. ఇదీ స్వెరాక్ రాసిందే. ఆయన కొడుకు యాన్ స్వెరాక్ దర్శకత్వంలో 1996లో వచ్చింది, ఉత్తమ విదేశీ భాషా చిత్రంగా ఆస్కార్ గెలుచుకుంది. ప్రధాన పాత్ర వేసింది కూడా రచయితే. లౌకా అనే సెల్లో (పెద్ద వయొలిన్ లాంటి వాద్యం) వాద్యకారుడు ఫిల్హార్మొనిక్ అనే పెద్ద వాద్యబృందంలో ఉద్యోగం పోయి, శ్మశానవాటికలో అంత్యక్రియలకు వాయిస్తుంటాడు. అప్పుల బాధతో, డబ్బు కోసం ఒక రష్యన్ యువతిని ఉత్తుత్తి పెళ్ళి చేసుకుంటాడు. ఆమె పశ్చిమ జర్మనీకి వెళ్ళిపోవడంతో ఆమె ఐదేళ్ళ కొడుకు కోల్యా ఇతని మెడకు చుట్టుకుంటాడు. వాడికి చెక్ రాదు.

కిటికీ దగ్గర చెకోస్లోవేకియా, సోవియట్ జెండాలు రెండూ కడుతుంటే, పిల్లాడు సోవియట్ జెండా చూసి ‘మాది క్రాస్నీ’ అంటాడు. రష్యన్‌లో క్రాస్నీ అంటే ఎర్రనిది. చెక్‌లో దాదాపు అదే శబ్దానికి అందమైనది అని అర్థం. సోవియట్ సైన్యం తన దేశంలో తిష్ఠ వేసిందన్న కోపంతో ఉన్న లౌకా, అందమా పాడా, మీది నిక్కరులా ఎర్రగా ఉంది అని కసురుతాడు. పిల్లాడు చెప్పిందీ అదే కదా! ఇద్దరూ ఒకే మాట అంటూ పోట్లాడుకుంటున్నారు. 1968లో ఆ సైన్యం వచ్చినప్పటి నుంచి పేరుకున్న చరిత్రంతా ఆ ఒక్క మాటలో ఇరికించగలిగింది భాషా పంతులు చెవే.

ఈ వారం పని: పాత కాగితంలో గీత గీసిన డైలాగు కొట్టేయండి. ఆ ఇద్దరూ రోజూ కలిసి చేసే ఒక పని ఎంచుకోండి. సైకిలు తోసుకెళ్ళడమో, ఒకే గ్లాసులో టీ పంచుకోవడమో, ఏదైనా సరే. దాన్ని మొదట ఒకసారి, గొడవ తర్వాత ఒకసారి రాయండి. రెండోసారి పనిలో ఒక్క చిన్న తేడా మాత్రమే ఉండాలి, మాటలు అసలు ఉండకూడదు. ఒక్కోటి అర పేజీ మించనివ్వకండి. వచ్చే వారం ఆ రెండు సీన్ల మధ్య దూరం ఎంత ఉండాలో చూద్దాం.