పాట పట్టుకుందాం – మూడో పాఠం: పల్లవి రాకముందే

పోయిన పాఠంలో ఇచ్చిన అభ్యాసం చేశారా? మీకు బాగా తెలిసిన ఇరవై పాటలు రాసుకుని, ఇంట్లో ఎవరి చేతనైనా వాటిని కలగాపులగంగా ప్లే చేయించుకుని, ఏ పాటని ఎన్నో సెకనులో పట్టుకున్నారో పక్కన వేసుకోమన్నాను. చేసినవాళ్లకి ఒక సంగతి ఈపాటికే తెలిసిపోయి ఉంటుంది. ఇరవైలో పదిహేనింటికి గాయకుడు నోరు విప్పేదాకా మనమూ నోరు విప్పం. పాట రాక కాదు. పాటని మాటలతో గుర్తు పెట్టుకున్నాం కాబట్టి మాటలు వినపడేదాకా అది మనకి తట్టదు. పాట మొదలు విని, ముందుగా బెల్లు కొట్టి అది ఏ పాటో చెప్పే మన పాటలాటలోనేమో ఆ మాటలు వచ్చేలోపే అవతలి టీమ్ బెల్లు కొట్టేసి ఉంటుంది.

అందుకే ఈ పాఠమంతా పల్లవికి ముందు వచ్చే ఆ మ్యూజిక్ బిట్ గురించే.

ముందు మా పెద్దమ్మ గురించి చెప్పాలి. డెబ్భై దాటాయి ఆవిడకి. సంక్రాంతికి అందరం చేరినప్పుడు పాటలాట పెడితే పాత పాటల రౌండు మొత్తం ఆవిడదే. ఆటలో కూర్చోదు కూడా. అరిసెల పాకం చూసుకుంటూ వంటింట్లోంచే అరుస్తుంది. ఒకసారి ఏదో పాట ముందు బిట్ ఇలా మొదలైందో లేదో, "మిస్సమ్మ!" అంది. మా బావ ఒప్పుకోలేదు. గొంతు వినపడ్డాక, "ఇది ఘంటసాల కాదు, ఎన్టీఆర్ సినిమా అయ్యే ఛాన్సే లేదు" అని వాదించాడు. "మిస్సమ్మలో ఎన్టీఆర్‌కి పాడింది ఏ.ఎం. రాజా రా" అని పెద్దమ్మ గరిటె ఊపింది. 1955 నాటి సినిమా అది. మా బావ పాయింటు పోయింది.

ఇంత తొందరగా ఎలా పట్టావని అడిగితే, "రేడియోలో వినేవాళ్లం కదరా" అంది. రేడియోకీ దీనికీ సంబంధం ఏమిటో నాకు చాలా రోజులు అర్థం కాలేదు. తర్వాత వెలిగింది. రేడియోలో పాట వేసేముందు అనౌన్సర్ చెప్పేవారు కదా: చిత్రం ఫలానా, రచన ఫలానా, సంగీతం ఫలానా, పాడినవారు ఫలానా. ఆ వెంటనే ముందు బిట్ మోగేది. ఏళ్ల తరబడి సినిమా పేరూ, ఆ బిట్టూ ఒకదాని వెనక ఒకటి చెవిలో పడేసరికి రెండూ అతుక్కుపోయాయి. మనం? ఫోన్‌లో పాటలు వరసపెట్టి వెళ్లిపోతుంటాయి. పేరు స్క్రీన్ మీద ఉంటుంది, స్క్రీన్ జేబులో ఉంటుంది. వందసార్లు విన్న పాట పేరు కూడా ఒక్కసారైనా దాని పక్కనే మన చెవిన పడి ఉండదు.

కాబట్టి ఈ వారం మొదటి పని, అనౌన్సర్ పని మనమే చేసుకోవడం. పాట పెట్టేముందు సినిమా పేరు, సంగీత దర్శకుడు, గాయకులు, పల్లవి మొదటి మాటలు పైకి చెప్పండి. మనసులో అనుకుంటే చాలదు, నోటితో అనాలి. వెంటనే పదిహేను సెకన్లు వినండి. ఆపేయండి. తర్వాతి పాట. ఇలా రోజుకి పది చాలు. మూడు రోజులయ్యాక తిరగేయండి: స్క్రీన్ చూడకుండా బిట్ వినడం, పేరు చెప్పడం. పాట బాగుంది కదా అని చివరిదాకా వింటూ కూర్చుంటే అభ్యాసం అక్కడితో సరి. (నేను రోజూ ఓడిపోయేది ఇక్కడే. ముఖ్యంగా ఇళయరాజా దగ్గర.)

తిరగేసేటప్పుడు ఎంతసేపు వినాలి? 2022లో హర్డిల్ అని ఒక ఆట తెగ ఆడారు, 2023లో మూతపడింది. అందులో పాట మొదట ఒక్క సెకను వినిపించేవాళ్లు. తెలియకపోతే రెండు, తర్వాత నాలుగు, ఏడు, పదకొండు, చివరికి పదహారు. ఆ మెట్లు చాలా బాగుంటాయి, అవే వాడుకోండి. ఇవాళ ఏడో సెకనులో పట్టిన పాటని వారం తర్వాత రెండో సెకనులో పట్టారంటే పని జరుగుతున్నట్టే.

ఒక్క సెకనులో ఏం తెలుస్తుందని కొట్టిపారేయకండి. 2010లో అమెరికాలోని కార్నెల్ యూనివర్సిటీలో క్రమ్‌హాన్సల్ అనే ఆవిడ ఒక పరిశోధన ప్రచురించింది. పాపులర్ పాటల్లోంచి 400 మిల్లీసెకన్ల ముక్కలు, అంటే అర సెకను కూడా లేనివి వినిపిస్తే, నాలుగింట ఒకటికి పైగా పాట పేరూ, పాడినవాళ్ల పేరూ చెప్పగలిగారు. పాట తెలియకపోయినా అది ఏ దశాబ్దానిదో చాలావరకు పసిగట్టారు. నాకు నచ్చింది ఈ రెండో సంగతే. అర సెకనులో ట్యూన్ ఎక్కడికీ కదలదు. మరి వాళ్లకి వినపడిందేమిటి? వాద్యాల మోత, రికార్డింగు తీరు, గొంతు. మనం కూడా ముందు అవే వినాలి. ఇది ఏ పాట అని కాదు, ఇది ఎప్పటి పాట అని అడగాలి. కాలం తేలితే వెతకాల్సిన పాటలు బాగా తగ్గిపోతాయి.

యాభైలు, అరవైల్లో గాయకులూ వాద్యబృందమూ ఒకేసారి పాడి వాయించి రికార్డు చేసేవాళ్లు. శబ్దమంతా ఒక్కచోటి నుంచే వస్తున్నట్టు ఉంటుంది, గొంతు బాగా ముందుకొచ్చి నిలబడుతుంది, కింది స్థాయి ధ్వనులు పల్చగా ఉంటాయి. వయొలిన్లు, ఫ్లూటు, వీణ, సితార్, కింద తబలా. డెబ్భైలకి వచ్చేసరికి బోంగోలు, ఎలక్ట్రిక్ గిటారు, ఆర్గాన్ మోత పెరుగుతాయి. ఎనభైల్లో స్టీరియో. తొంభైల తర్వాత కంప్యూటరు. ఇది మొరటు లెక్కే, ఆటకి సరిపోతుంది.

గొంతు వినపడ్డాక లెక్క ఇంకా బిగుస్తుంది. ఘంటసాల 1974 ఫిబ్రవరిలో పోయారు. ఆయన గొంతు అయితే సినిమా ఆ చుట్టుపక్కల కంటే ముందుకి వెళ్లదు. బాలు తొలి సినిమా పాట రికార్డయింది 1966 డిసెంబరులో. ఆయన గొంతు అయితే అంతకంటే వెనక్కి వెళ్లదు. పాటలని సంవత్సరాల వరసలో పెట్టే ఆటల్లో ఈ రెండు తేదీలు గుర్తుంటే సగం గండం గట్టెక్కినట్టే. పైగా బాలు తెర మీద ఎవరుంటే వాళ్లకి తగ్గట్టు గొంతు మార్చేవారు. ఎన్టీఆర్‌కి ఒక తీరు, కృష్ణకి ఒక తీరు. అలవాటైతే గొంతుని బట్టి హీరోని కూడా చెప్పొచ్చు. అది మాత్రం ఒక్క వారంలో వచ్చే విద్య కాదు.

ఇళయరాజా దగ్గర కాస్త ఆగుదాం. ఎనభైలు, తొంభైల రౌండు పెడితే ఆయన పాట రాకుండా ఉండదు. హెడ్‌ఫోన్స్ పెట్టుకుని బేస్ గిటారు ఒక్కటే పట్టుకుని వినండి. చాలామంది పాటల్లో అది తాళానికి తోడుగా ఉంటుంది. ఆయన పాటల్లో అది తన దారిన తాను ఇంకో ట్యూన్ వాయించుకుంటూ పోతుంది. పైన వయొలిన్ల గుంపు, మధ్యలో ఫ్లూటు. ఈ మూడూ కలిసి వినపడితే ముందు ఇళయరాజా అనుకుని, తర్వాత సినిమా వెతకండి. కొన్నిటికి అంత కష్టం కూడా అక్కర్లేదు. 1989 నాటి గీతాంజలిలో 'ఓం నమః' పాటకి గుండె చప్పుడే తాళం. ఇలాంటి ముద్ర ఉన్న పాటలకి విడిగా ఒక చిన్న లిస్టు రాసి పెట్టుకోండి. ఆటలో ఫ్రీగా వచ్చే పాయింట్లు అవి.

ఇప్పుడు చిక్కులు. కొత్త పాటలని మనం ఏ పేరుతో పిలుస్తామో చాలాసార్లు ఆ మాటతో అవి మొదలవ్వవు. 'బుట్టబొమ్మ' పాట మొదలయ్యేది 'ఇంతకన్నా మంచి పోలికేది' అని. అదే సినిమాలోని 'సామజవరగమన' మొదలయ్యేది 'నీ కాళ్లను పట్టుకు' అని. ఆస్కార్ తెచ్చిన 'నాటు నాటు' కూడా 'పొలంగట్టు దుమ్ములోన' అని ఎత్తుకుంటుంది. 'బుట్టబొమ్మ' అనే మాట కోసం చెవులు రిక్కించుకుని కూర్చుంటే అది వచ్చేసరికి రౌండు అయిపోతుంది. అందుకని కొత్త పాటలకి నోట్‌బుక్‌లో రెండు గడులు గీయండి. ఒకదాంట్లో పిలిచే పేరు, పక్కదాంట్లో మొదటి మాటలు. అంత్యాక్షరిలోనూ ఇది పనికొస్తుంది. 'పొ' వస్తే జుట్టు పీక్కునేవాళ్లని ఎంతమందిని చూశానో.

రీమిక్సులు ఇంకో తలనొప్పి. 'శుభలేఖ రాసుకున్నా' అని వినపడగానే కొండవీటి దొంగ అని ఎగిరి దూకకండి. 1990లో వచ్చిన ఆ పాటని 2013లో నాయక్ కోసం మళ్లీ చేశారు. గ్యాంగ్ లీడర్‌లోని వాన పాట కూడా 2012లో రచ్చలోకి వచ్చింది. పల్లవి ఒక్కటే కాబట్టి పల్లవిని బట్టి తేల్చలేం. ఎప్పటి పాట అన్న ప్రశ్నే ఇక్కడా గట్టెక్కిస్తుంది: డ్రమ్స్ మోత విని చెప్పాలి. ఇక ఆఫీసు పార్టీల్లో అయితే భాష తేలేదాకా ఆగండి. రోజాలోని 'చిన్ని చిన్ని ఆశ' బిట్ తమిళవాళ్లదీ, హిందీవాళ్లదీ కూడా.

ఇవన్నీ చేసినా ఒక్కోసారి పాట నోటిదాకా వచ్చి ఆగిపోతుంది. ట్యూన్ తెలుసు, చరణం తెలుసు, పల్లవి రాదు. అప్పుడు పల్లవిని వెతకొద్దు. పాటని మనం మొదటి నుంచి చివరికి ఒక వరసలో నేర్చుకుంటాం, మధ్యలోంచి వెనక్కి దూకడం కష్టం. అందుకని తెలిసిన చరణాన్నే మనసులో ముందుకి పాడుకుంటూ పోండి. చరణం చివర పాట తనంతట తానే పల్లవి మీదకి వచ్చి వాలుతుంది. నాలుగైదు సెకన్లు పడుతుంది కాబట్టి బెల్లు కొట్టాక కాదు, కొట్టకముందే మొదలుపెట్టాలి. మా చిన్నాన్న కూతురి పెళ్లిలో ఇది తెలియక, మొత్తం చరణం హమ్ చేసి, పల్లవి రాక, మైకు పట్టుకుని దిక్కులు చూశాను. ఆ వీడియో ఇప్పటికీ మా ఫ్యామిలీ గ్రూపులో తిరుగుతోంది.

వచ్చే పాఠం హమ్మింగ్ రౌండు గురించి. ఈలోగా ఒక దశాబ్దం ఎంచుకోండి, ఒక్కటే. దానిలోంచి ముప్ఫై పాటలు తీసి, రోజుకి పది చొప్పున మూడు రోజుల్లో పేరు చెప్పి వినండి. తర్వాత మూడు రోజులు తిరగేసి, పట్టిన సెకను రాయండి. ఏడో రోజున ఆ ముప్ఫైలో మీరు అస్సలు పట్టలేకపోయిన ఐదు పాటలు విడిగా తీసి పెట్టండి. హమ్మింగ్ అభ్యాసం ఆ ఐదింటితోనే మొదలుపెడతాం.