వానలు రాకముందే: కుక్కపిల్ల ముక్కు ఉచ్చలో రుద్దకండి

మొన్న ఆదివారం మా వీధిలో మూడు నెలల ల్యాబ్రడార్ క్రాస్ కుక్కపిల్ల ఆటో కింద పడి వెనక కాలు విరగ్గొట్టుకుంది. హాల్లో ఉచ్చ పోసిందని ఇంటాయన దాని మెడ పట్టి, ముక్కు ఆ తడిలో రుద్ది, రెండు దెబ్బలేశాడు. గేటు తీసి ఉంది. బెదిరి రోడ్డు మీదికి పరుగెత్తింది.

వానాకాలంలో కుక్కపిల్లలు కాళ్లు తడుపుకోవడానికి ఇష్టపడవు. ఇంట్లోనే పోస్తాయి, మన ఓపిక చచ్చిపోతుంది. అందుకే ముందే చెబుతున్నా: ముక్కు రుద్దకండి.

ఎప్పుడో పోసినదానికి ఇప్పుడు కొడితే, దెబ్బ దేనికో దానికి అర్థం కాదు. మీరొస్తే దెబ్బ పడుతుందని మాత్రం తెలుస్తుంది. "తప్పు చేసిన మొహం చూడు" అంటారే, అది భయం. ఇక మీ ఎదుట పోయదు. బయటికి తీసుకెళ్లినా బిగబట్టుకుని, ఇంటికొచ్చి సోఫా వెనక పోస్తుంది. ఇలా పాడైన కుక్కల్ని "వీధికుక్క బుద్ధి ఎక్కడికి పోతుంది" అంటూ రోడ్డు మీద వదిలేయడం నేను చూశాను. జాతికీ దీనికీ సంబంధమే లేదు.

మూడు నెలల పిల్ల పగలు మూడు నాలుగు గంటలకు మించి ఆపుకోలేదు. నిద్ర లేవగానే, తిన్న కాసేపటికే, ఆడుకున్నాక తీసుకెళ్లండి. రోజూ ఒకే చోటికి. పని కాగానే అక్కడే ఉడికించిన చికెన్ ముక్క పెట్టండి. లోపలికొచ్చాక పెడితే ఇంట్లోకి వచ్చినందుకే అనుకుంటుంది.

దాదాపు 16 వారాల వయసుకి టీకాలు పూర్తయ్యేదాకా వీధికుక్కలు తిరిగే మట్టిలో దింపకండి. కుక్కపిల్లలకి ప్రాణాంతకమైన పార్వో వైరస్ మట్టిలో నెలల తరబడి బతుకుతుంది. అందాకా వాన పడని బాల్కనీలో మట్టి ట్రే చాలు.

ఫినాయిల్ వద్దు, పాదాలకంటింది నాకితే విషం. వెనిగర్ నీళ్లతో తుడవండి. వాసన మిగిలితే మళ్లీ అక్కడే పోస్తుంది. నీళ్లు పెట్టడం మానకండి. ఆవుపాలు పోయకండి. గుంటల్లో వాననీళ్లు తాగనివ్వకండి, ఎలుకల ఉచ్చ వల్ల లెప్టోస్పైరోసిస్ అనే జబ్బు వస్తుంది. రాత్రి ఒకసారి లేవండి. పోస్తుండగా చూస్తే అరవకుండా ఎత్తుకెళ్లండి. పోసేశాక చూస్తే నోరు మూసుకుని తుడవండి. ముక్కు రుద్దకండి. ఇంట్లో చిన్నపిల్లల్నీ రుద్దనివ్వకండి. బెదిరి కరిస్తే 15 నిమిషాలు సబ్బుతో, ధారగా పడే నీళ్లతో కడిగి, ఆ రోజే రేబిస్ టీకాకి వెళ్లండి. అలవాటైన పిల్ల చుక్కలు చుక్కలుగా పోస్తున్నా, రక్తం కనబడినా వెంటనే డాక్టరుకి చూపించండి. గేటు గడియ పెట్టండి.