వెనిగర్ గుడ్లు చిరగకుండా ఒలవడం: నా అనుభవం

వెనిగర్‌లో ఊరేసే గుడ్లు ఒలుస్తుంటే పెంకుతోపాటు తెల్లసొన కూడా ఊడొస్తోందని చాలామంది అడుగుతున్నారు. నాకూ అదే గోల. డజనులో నాలుగు నున్నగా వస్తే గొప్ప. నీళ్లలో ఉప్పు, వంటసోడా, కుళాయి కింద ఒలవడం, ఏదీ కుదరలేదు.

విశాఖలో మా ఎంవీపీ కాలనీ రైతుబజారుకు వెళ్లినప్పుడు గుడ్లు కూడా తెచ్చి, ఆ రోజే ఉడికించేసేదాన్ని. తాజా గుడ్డులో తెల్లసొన పెంకు లోపలి పొరను గట్టిగా పట్టుకుని ఉంటుంది. రోజులు గడిచేకొద్దీ పెంకులోని సన్న రంధ్రాల గుండా కార్బన్ డయాక్సైడ్ పోయి ఆ పట్టు సడలుతుంది. అందుకే ఈసారి వారం ఫ్రిజ్‌లో ఉంచాను. నీళ్లు సలసలా కాగుతున్నప్పుడే గరిటెతో ఒక్కొక్కటీ దింపాను, చన్నీళ్లతో మొదలుపెట్టలేదు. మంట తగ్గించి 12 నిమిషాలు. వెంటనే ఐసు నీళ్లలో పావుగంట (మే నెలలో మన కుళాయి నీళ్లను నమ్ముకోకండి). వెడల్పు వైపు తట్టి అక్కడి నుంచి ఒలిచాను.

తర్వాత 5 శాతం వెనిగర్‌ను ఉప్పు, మిరియాలు, వెల్లుల్లితో మరిగించి, శుభ్రమైన సీసాలో గుడ్లు మునిగేలా పోసి ఫ్రిజ్‌లో పెట్టేశాను. రుచి పట్టాలని గుడ్లను గుచ్చొద్దు. 1997లో అమెరికాలోని ఇల్లినాయిస్‌లో అలా గుచ్చి, బయటే ఉంచిన గుడ్లు తిన్న ఒకాయనకు బొటులిజం (పాడైన ఆహారంలోని బ్యాక్టీరియా విషంతో నరాలు దెబ్బతినే ప్రమాదకరమైన జబ్బు) వచ్చింది. ఆవకాయ జాడీలా అలమారలో పెట్టే సరుకు కాదిది, విశాఖ ఉక్కలో అసలే కాదు.

రెండు విడతల్లో 24కి 22 నున్నగా వచ్చాయి. అన్నీ ఫారం గుడ్లే, నాటు గుడ్లతో ఇంకా చేయలేదు.