కాగితపు గుజ్జుతో బుట్టలు చేసుకునే విధానం

వెదురు చాటలకు, తట్టలకు మెంతిపిండి కలిపిన కాగితపు గుజ్జు మెత్తి సందులు పూడ్చడం ఒకప్పుడు తెలుగు ఇళ్లలో వేసవి పని. అదే గుజ్జుతో వెదురు ఆధారమేమీ లేకుండానే దారపు ఉండలు, పిల్లల బొమ్మలు, చేతిగుడ్డలు, బయటి పొట్టుతో ఉన్న వెల్లుల్లి వేసుకునే బుట్టలు చేసుకోవచ్చు. ఇందుకు పాత పేపర్లు, మెంతులు, ఒక గిన్నె, చిరిగిన నూలు చీర ముక్క కావాలి. వీటన్నిటికన్నా ముఖ్యంగా వరసగా నాలుగైదు రోజుల ఎండ కావాలి. ముసురు పట్టిన రోజుల్లో గుజ్జు ఆరక బూజు పడుతుంది.

కిలో పేపర్లకు 200 గ్రాముల మెంతులు తీసుకుంటే మధ్యరకం బుట్టలు రెండు వస్తాయి. నున్నగా మెరిసే రంగుల కరపత్రాలు సరిగా నానవు కాబట్టి వాటిని ఏరివేయాలి. కోడిగుడ్ల అట్టలు ఉంటే తప్పక కలపాలి. అవి గుజ్జుతో పోసినవే కనుక త్వరగా విడిపోతాయి. పేపర్లను అరచేతిలో సగం ముక్కలుగా చింపి మూడు రోజులు నానబెట్టి, రోజూ నీళ్లు మార్చాలి. మార్చకపోతే మూడో రోజుకు పెరడంతా కంపు కొడుతుంది. మెంతులను చివరి రాత్రి నానబోస్తే చాలు.

రోలు ఉన్నవారికి రుబ్బడం సులువు. మిక్సీలో వేసేటప్పుడు రెండు గుప్పిళ్ల కాగితానికి గ్లాసు నీళ్లకు తగ్గకుండా పోసి, ఆపి ఆపి తిప్పాలి. లేకపోతే మోటారు వేడెక్కుతుంది. రుబ్బిన కాగితాన్ని నూలు గుడ్డలో మూటగట్టి గట్టిగా పిండి, విడిగా మెత్తగా రుబ్బిన మెంతులను అందులో వేసి చపాతీ పిండిలా మర్దించాలి. ఉండ చేసి నొక్కినప్పుడు నీరు కారకూడదు, అంచులు బీటలు వారకూడదు. ఇక్కడ బంకగా పనిచేసేది మెంతుల జిగటే. మైదా జిగురుతోనూ బుట్ట నిలుస్తుంది గానీ, దానికి బొద్దింకలు చేరతాయి. మెంతుల చేదుకు పురుగు రాదని పెద్దలు చెబుతారు.

అచ్చు ఎంపికలో తొందరపడకూడదు. ఆరుతున్నకొద్దీ గుజ్జు ముడుచుకుని అచ్చును పట్టేస్తుంది. నేను మొదటిసారి మూతి ఇరుకైన ఇత్తడి చెంబు మీద మెత్తి, చివరికి చెంబు కోసం బుట్టను పగలగొట్టుకున్నాను. అడుగు కన్నా మూతి వెడల్పుగా ఉన్న గిన్నెనో బేసినునో బోర్లించి, దానిపై తడిపిన నూలు గుడ్డను ముడతలు లేకుండా పరచాలి. అడుగు మధ్య నుంచి మొదలుపెట్టి కిందికి, పావు అంగుళం మందాన గుజ్జును అద్దుతూ రావాలి. మరునాడు అది చెమ్మగా ఉండగానే రెండో పూత వేయాలి. ఒకేసారి మందంగా మెత్తితే పైన ఆరి లోపల పచ్చిగా ఉండిపోయి పగుళ్లు వస్తాయి. అంచును మాత్రం వేలు లావున కట్టాలి, ఎందుకంటే బుట్టను ఎత్తేటప్పుడు చేయి పడేది అక్కడే. తడి చేత్తో నిమిరి నునుపు చేశాక అడుగుభాగాన్ని పీటతో మెల్లగా అదిమితే బుట్ట కదలకుండా కూర్చుంటుంది.

మొదటి రెండు రోజులు నీడలోనే ఆరనివ్వాలి. వేలితో తట్టినప్పుడు మెత్తని చప్పుడు పోయి టక్కుమని మోగితే గుడ్డతో సహా పైకి లాగి, గుడ్డను ఊడదీసి, లోపలివైపు రెండు రోజులు ఎండబెట్టాలి. సన్నని బీటలు కనిపిస్తే ఆ చోటును తడిపి, మెంతులు ఎక్కువ కలిపిన గుజ్జుతో పూడ్చాలి. పొడి గుజ్జు మీద తడి గుజ్జు అంటదు కనుక తడపడం మరిచిపోకూడదు.

పూర్తిగా ఆరాక జాజు పూసి సుద్దతో ముగ్గు వేస్తే చూడముచ్చటగా ఉంటుంది. పాత చీర అంచును జిగురుతో బుట్ట అంచు చుట్టూ అంటిస్తే రాపిడికి త్వరగా అరగదు. పేపరు సిరా కలిసి ఉంటుంది కనుక పిండివంటలు, పప్పులు నేరుగా పోయకూడదు. తడి కూరగాయలు అసలే వేయకూడదు. ఏడాదికోసారి, ఎండలు ముదరగానే, పలుచని మెంతి గుజ్జు ఒక పూత పూసి ఆరబెట్టుకోవాలి.