విచారణ ఖైదీ విడుదలకు కోర్టును ఆశ్రయించే విధానం
విశాఖపట్నం అడవివరంలోని కేంద్ర కారాగారంలో మీ కుటుంబీకులెవరైనా విచారణ ఖైదీగా ఉంటే, ముందుగా రిమాండు విధించిన రోజును కూడా కలుపుకొని రోజులు లెక్కించండి. సాధారణంగా 60 రోజుల్లో, మరణశిక్ష, యావజ్జీవం లేదా కనీసం పదేళ్ల శిక్ష పడే నేరాల్లో 90 రోజుల్లో అభియోగపత్రం (పోలీసుల ఛార్జిషీటు) రాకపోతే బెయిలు హక్కవుతుంది. మన ఏజెన్సీ దారుల్లో పట్టుబడే గంజాయి వాణిజ్య పరిమాణంలో, అంటే చట్టం పెద్ద మొత్తంగా నిర్ణయించిన స్థాయిలో ఉంటే ఈ గడువు 180 రోజులు. అభియోగపత్రం దాఖలయ్యేలోగానే దరఖాస్తు వేయాలి.

అభియోగపత్రం వచ్చాక విచారణే సాగుతూ ఉంటే భారతీయ నాగరిక సురక్షా సంహిత (పాత సీఆర్‌పీసీ స్థానంలో వచ్చిన చట్టం) 479వ సెక్షను కింద, గరిష్ఠ శిక్షలో సగం కాలం, గతంలో ఎన్నడూ శిక్ష పడనివారు మూడో వంతు గడిపితే విడుదల కోరవచ్చు. మరణశిక్ష, యావజ్జీవ నేరాలకు ఇది వర్తించదు. ముద్దాయి వల్ల జరిగిన జాప్యం లెక్కలోకి రాదు కనుక, ఏ వాయిదా ఎవరు అడిగారో తేదీలవారీగా పిటిషనుకు జతపరచండి. వకీలు లేకపోతే జిల్లా న్యాయ సేవాధికార సంస్థలో ఉచితంగా కోరవచ్చు.