ఆఫీసర్ మీద కంటెంప్ట్ వేసే ముందు

హైకోర్టులో రిట్ (ప్రభుత్వ అధికారులకు ఆదేశాలివ్వమని వేసే పిటిషన్) గెలిచారు. నెలలు గడుస్తున్నా తహసీల్దార్ ఆఫీసులో ఫైలు కదలడం లేదు. ఇక కోర్టు ధిక్కరణ (కంటెంప్ట్) కేసు వేసేద్దామని లాయరు దగ్గరికి బయల్దేరారు. వెళ్లండి, కానీ ముందు ఆర్డర్‌లో ఆఖరి పేరా నిదానంగా చదివించుకోండి.

"పింఛను బకాయిలు చెల్లించాలి" అని ఉంటే అది స్పష్టమైన ఆదేశం. "వినతిపత్రాన్ని పరిశీలించి చట్టప్రకారం నిర్ణయం తీసుకోవాలి" అని ఉంటే మాత్రం అధికారి మీదున్న బాధ్యత పరిశీలించడం వరకే. పరిశీలించాం, కుదరదు అని ఒక కాగితం ఇచ్చేస్తే చాలు, ఆదేశం అమలైనట్టే లెక్క. కంటెంప్ట్ విచారణకు రెండు రోజుల ముందు ఆ కాగితం కౌంటర్‌తో (అధికారి కోర్టులో వేసే జవాబుతో) పాటు ప్రత్యక్షమవుతుంది, కేసు మూసేస్తారు. ఆ తిరస్కరణ తప్పనుకుంటే మళ్లీ కొత్త రిట్ వేసుకోవాలి. ధిక్కరణ కేసులో దాని మంచిచెడ్డలు సాధారణంగా తేల్చరు. మనవాళ్లు ఎక్కువగా దెబ్బ తినేది ఇక్కడే. కాబట్టి రిట్ వాదనలప్పుడే స్పష్టమైన ఆదేశం, గడువు రెండూ అడగమని లాయరుకు చెప్పండి.

రెండోది కాపీ అందించడం. చాలా ఆర్డర్లలో "కాపీ అందిన నాటి నుంచి 4 వారాల్లో" అని ఉంటుంది. అందకపోతే గడువే మొదలవదు. కోర్టే పంపుతుందిలే అని కూర్చోవద్దు. సర్టిఫైడ్ కాపీ తీసుకుని, కవరింగ్ లెటర్ పెట్టి, స్పీడ్ పోస్టులో, అందినట్టు రుజువు వచ్చేలా పంపండి. ఇంకోటి ఆఫీసులో కాగితాలు తీసుకునే ఇన్‌వర్డ్ సెక్షన్‌లో ఇచ్చి స్టాంపు, తేదీ వేయించుకోండి. ధిక్కరణ అంటే తెలిసి, కావాలని మీరడం. "నాకు ఆర్డర్ సంగతే తెలియదు" అన్న జవాబుకు ఆ స్టాంపే విరుగుడు.

కేసు పడేది కుర్చీ మీద కాదు, అందులో కూర్చున్న మనిషి మీద, పేరుతో సహా. గడువు ముగిసిన రోజు ఎవరున్నారో కనుక్కోండి. బదిలీ అయితే కొత్తగా వచ్చినవారికీ కాపీ ఇవ్వండి. బరువు కోసం చీఫ్ సెక్రటరీని ఇరికించడం మనకు తృప్తినిస్తుందేమో గానీ, కేసుకు ఒరిగేదేమీ లేదు.

గడువు విషయంలో అసలు అలసత్వం పనికిరాదు. 1971 నాటి కోర్టు ధిక్కరణ చట్టం సెక్షన్ 20 ప్రకారం ధిక్కరణ జరిగిన ఏడాదిలోపే వెళ్లాలి. "ఇప్పటికీ అమలు చేయలేదు కాబట్టి రోజూ ధిక్కరణే కదా" అనే వాదన వినడానికి బాగుంటుంది. తెలంగాణ నుంచి వెళ్లిన ఒక భూమి కేసులో 2024లో సుప్రీంకోర్టు దాన్ని ఒప్పుకోలేదు. అప్పీలు వేశామని ఆఫీసువాళ్లు చెప్పినా ఆగొద్దు. స్టే (అమలు నిలిపివేత ఉత్తర్వు) లేని అప్పీలు ఆర్డర్‌ను ఆపదు. రిట్ గెలవగానే కేవియట్ (మా మాట వినకుండా ఉత్తర్వు ఇవ్వొద్దని కోర్టుకు ముందే పెట్టుకునే అర్జీ) వేసుకుంటే మీకు చెప్పకుండా స్టే తెచ్చుకోవడం కష్టమవుతుంది. అది 90 రోజులే పనిచేస్తుంది, గుర్తుంచుకోండి.

అధికారి జైలుకు వెళ్తాడని లెక్కలు వేసుకోవద్దు. చట్టంలో గరిష్ఠ శిక్ష 6 నెలల సాధారణ జైలు, 2,000 రూపాయల జరిమానా. చాలా కేసులు ఆర్డర్ అమలుతోనో క్షమాపణతోనో ముగుస్తాయి. 2022లో ఏపీ హైకోర్టు 8 మంది ఐఏఎస్‌లకు 2 వారాల జైలు వేసి, క్షమాపణ చెప్పాక సంక్షేమ హాస్టళ్లలో సేవగా మార్చింది. హైకోర్టు ఆదేశాన్ని కాదని గుంటూరు జిల్లాలో గుడిసెలు తొలగించిన డిప్యూటీ కలెక్టర్‌ను 2025లో సుప్రీంకోర్టు తిరిగి తహసీల్దార్ హోదాకు దించింది. ఇలాంటివి అరుదు కాబట్టే పేపర్లకెక్కుతాయి. అధికారులను ఊరికే కోర్టుకు పిలిపించొద్దని, అవసరమైతే ముందు వీడియోలో హాజరయ్యే వీలివ్వాలని 2024 జనవరిలో సుప్రీంకోర్టు చెప్పింది. బోనులో నిలబెట్టి చూడాలన్న కోరికా తీరకపోవచ్చు.

వాయిదాల టెన్షన్‌లో అధికారిని తిట్టినా తిట్టకపోయినా, జడ్జి అమ్ముడుపోయాడని వాట్సాప్ గ్రూపులో మాత్రం రాయకండి. అది క్రిమినల్ కంటెంప్ట్ (కోర్టు పరువు తీసే మాటలు, చేతలకు పెట్టే ధిక్కరణ కేసు) కిందికి రావచ్చు, అప్పుడు నోటీసు వచ్చేది మీ పేరు మీదే.